మా గడియార స్తంభానికి మైకు వద్దు, మెకానిక్ కావాలి

సంపాదకులు గారికి నమస్కారం.

మా ఊరి గడియార స్తంభం ఆగిపోయి చాలా ఏళ్లయింది. నాలుగు ముఖాలూ నాలుగు టైములు చూపిస్తుంటే మొదట్లో జోకులేసుకునేవాళ్లు, ఇప్పుడు అది కూడా మానేశారు. ఉన్నట్టుండి మున్సిపాలిటీ వాళ్లకి అది గుర్తొచ్చింది, సంతోషమే. కానీ లోపలి పాత యంత్రాన్ని తీసి తుక్కు కింద వేలం వేస్తారట, ఎర్ర అంకెల డిజిటల్ బోర్డు పెడతారట, పైన మైకు కట్టి రికార్డు చేసిన గంట చప్పుడు వినిపిస్తారట. కంచు గంటను మాత్రం అలంకారానికి ఉంచుతారట! గంట అక్కడే వేలాడుతుండగా దాని చప్పుడు మైకులో వేయడం ఏం తెలివో నాకైతే అర్థం కాలేదు.

అసలు ఈ గడియారం చెడిపోయి ఆగలేదు. కీ ఇచ్చే ఆయన రిటైరయ్యాడు, ఆ పనిలోకి ఇంకెవర్నీ తీసుకోలేదు, అంతే. పాత వాచీలు బాగు చేసే ఒక పెద్దాయనతో కలిసి నేను పైకెక్కి చూశాను. పావురాల రెట్ట, గట్టిపడిపోయిన గ్రీజు, ఒక చోట తెగిన ఇనుప తాడు. ఆయన పళ్ల చక్రాలన్నిటి మీదా వేలు పెట్టి తడిమి, కంటికి అద్దం బిగించుకుని ఇరుసులు చూసి, పళ్లు అరగలేదు, సుత్తిని లేపే మీటకు ఒక పిన్ను ఊడింది, తాడు మార్చి శుభ్రం చేస్తే నడుస్తుంది అన్నాడు. ఆయన్ని ఎవరూ పిలిచి అడగలేదు. టెండరు పిలిచింది డిజిటల్ బోర్డుకి.

కాలాన్ని చెవులకు వినిపించడం కోసం జన్మంతా ధారపోసిన వాళ్లున్నారండీ. అల్ జజారీ అని పాతకాలపు యంత్రాల నిపుణుడు ఒకాయన, ఆయన సంగతి వింటే కట్టుకథ అనిపిస్తుంది. ఇప్పటి టర్కీలో ఉన్న దియార్‌బకిర్‌లో ఆర్తూఖీ రాజుల కొలువులో పాతికేళ్లు పనిచేశాడు. ఆయన చేసిన కోట గడియారం మనిషికి రెట్టింపు ఎత్తు ఉండేది. నెలవంక ఒకటి పైన కదులుతూ పోతుంటే గంటకో తలుపు తెరుచుకునేది, రెండు డేగలు నోట్లోంచి గుండ్లు జారవిడిచేవి, ఇద్దరు డోళ్లు, ఇద్దరు బాకాలు, ఒకడు తాళాలు పట్టుకుని, మొత్తం అయిదుగురు బొమ్మ వాద్యగాళ్లు నీటి బలంతో కచేరీ చేసేవారు. కరెంటు లేదు, రికార్డింగు లేదు, ఎనిమిది వందల ఏళ్ల కిందటి మాట.

ఆయన ఏనుగు గడియారం మనకి ఇంకా దగ్గర. మన దగ్గర పూర్వం అడుగున చిల్లున్న గిన్నెను నీళ్ల మీద వదిలేవారు కదా, అది 24 నిమిషాలకు మునిగితే ఒక గడియ, కాపలా ఉన్నవాడు కంచు పళ్లెం మీద ఒక దెబ్బ వేసేవాడు. జజారీ అలాంటి గిన్నెనే ఏనుగు బొమ్మ పొట్టలో పెట్టాడు, అరగంటకు మునిగేలా. అది మునుగుతూ తాడు లాగితే పైనుంచి గుండు జారి పాము నోట్లో పడుతుంది, ఆ బరువుకు పాము కిందికి వంగి మునిగిన గిన్నెను మళ్లీ పైకి లేపుతుంది, ఈలోగా మావటి తన సుత్తితో కొడతాడు. గుండ్లు అయిపోతే నింపడానికి మాత్రం మనిషి ఉండాల్సిందే. దుబాయ్‌లో ఇబ్న్ బతూతా మాల్‌కి వెళ్లిన మన వాళ్లు దీని నమూనా చూసే ఉంటారు. ఇన్నాళ్లకు మళ్లీ ఎలా చేయగలిగారంటే, ఏ భాగం ఎలా తయారు చేయాలో ఆయన 1206 నాటి పుస్తకంలో బొమ్మలు గీసి మరీ రాసిపెట్టాడు కాబట్టి. మా ఊళ్లో కీ ఎన్ని చుట్లు తిప్పాలో కూడా ఎవరూ రాసిపెట్టలేదు.

అంత దూరం ఎందుకు, హైదరాబాద్ సాలార్‌జంగ్ మ్యూజియంలో గంట కొట్టే వేళకి ఆ సంగీత గడియారం ముందు జనం ఎలా మూగుతారో చూడండి. గంటకు మూడు నిమిషాల ముందు చిన్న బొమ్మ తలుపు తీసుకుని బయటికొస్తుంది, టైమెంతైతే అన్ని దెబ్బలు కొట్టి లోపలికి పోతుంది. ఇంకో పక్క కమ్మరి సెకనుకో దెబ్బ వేస్తూనే ఉంటాడు. చేతిలో సెల్‌ఫోను, అందులో టైము ఉండి కూడా పిల్లలు, పెద్దలు అక్కడ కూర్చుంటున్నారంటే టైము తెలుసుకోవడానికి కాదు కదా.

రాత్రిళ్లు గంట కొడితే నిద్ర పాడవుతుందని కొందరంటున్నారు. నిజమే, స్తంభం పక్కనే ఇళ్లున్న వాళ్లకి ఇబ్బందే. పది దాటాక సుత్తి గంటకు తగలకుండా ఒక కొక్కెం పెట్టొచ్చని ఆ పెద్దాయనే చెప్పాడు, పొద్దున అయిదింటికి తీసేస్తే సరి. మైకుతో వచ్చే గోల ఇంకోటి ఉంది, అది ఒకసారి పైకెక్కాక గంట చప్పుడుతో ఆగదు, మధ్యలో ప్రకటనలు వస్తాయి, పండగలకి పాటలు వస్తాయి, ఎన్నికలప్పుడు సంగతి చెప్పక్కర్లేదు.

కాబట్టి కమిషనర్ గారికి మీ పత్రిక ద్వారా నా మనవి. వేలం ఆపండి. ఆ పెద్దాయన్ని పిలిచి రిపేరుకి ఎంతవుతుందో రాయించుకోండి. ఊళ్లో ఐటీఐ చదివిన కుర్రాళ్లు ఇద్దర్ని ఆయన దగ్గర పని నేర్చుకోమనండి, వాళ్లకి నెల నెలా ఎంతో కొంత జీతం ఇవ్వండి. నేర్చుకున్నదంతా, కీ ఎన్ని చుట్లు, నూనె ఎప్పుడు, ఏ పిన్ను ఎక్కడ, ఒక నోట్‌బుక్కులో తెలుగులో రాయించి ఆఫీసులో ఒక కాపీ, స్తంభం లోపల ఒక కాపీ పెట్టించండి. డిజిటల్ బోర్డు కొనే తీరాలంటే బస్టాండులో పెట్టండి, అక్కడ దాని అవసరం నిజంగానే ఉంది.

ఇట్లు,
గడియార స్తంభం సెంటర్ దగ్గరే ఉండే ఒక పాఠకుడు