ఆ ఖాతా తెరిచింది ఎవరు? కేంద్ర ఆర్థిక మంత్రికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన కేంద్ర ఆర్థిక మంత్రి శ్రీమతి నిర్మలా సీతారామన్ గారికి,

విశాఖపట్నం నుంచి ఒక విశ్రాంత బ్యాంకు ఉద్యోగి నమస్కారాలు.

2014లో మీరు రాజ్యసభకు మా ఆంధ్రప్రదేశ్ నుంచే వెళ్ళారు. ఆ చనువుతో ఈ ఉత్తరం తెలుగులోనే రాస్తున్నాను. నేను ముప్పై మూడేళ్ళు బ్యాంకులో పనిచేశాను. క్యాష్ కౌంటరులో నోట్లు లెక్కపెట్టాను, స్ట్రాంగ్ రూము తాళంచెవులు మోశాను, చివరి ఆరేళ్ళు ఒక శాఖకు మేనేజరుగా ఉన్నాను. బ్యాంకు అంటే నాకు ఇప్పటికీ గౌరవమే. ఆ గౌరవం ఉండబట్టే ఇది రాయకుండా ఉండలేకపోయాను.

ఎంవీపీ కాలనీలో మా వీధి చివర ఒక విశ్రాంత ఉపాధ్యాయిని ఉంటారు. అందరం ఆవిడను టీచరమ్మ గారు అంటాం. భర్త పోయి తొమ్మిదేళ్ళయింది. పిల్లలిద్దరూ దూరాన ఉన్నారు. కిందటి ఏడాది ఆవిడకు ఒక ఫోను వచ్చింది. మీ పేరు మీద విదేశానికి వెళ్తున్న పార్సిలులో మత్తుమందులు దొరికాయి, మీ ఆధార్ నంబరుతో తెరిచిన ఖాతాలోకి నల్లడబ్బు వచ్చింది, మీ మీద వారంటు ఉంది అన్నారు. ఆ తర్వాత వీడియో కాల్. ఖాకీ దుస్తులు, వెనక గోడ మీద ప్రభుత్వ చిహ్నం, బల్ల మీద ఫైళ్ళు. రెండు పగళ్ళు, రెండు రాత్రులు ఆ కాల్ ఆపనివ్వలేదు. వంటింట్లోకి వెళ్ళినా ఫోను ఎదురుగా నిలబెట్టుకోవాలి. ఎవరికైనా చెబితే కొడుకు ఉద్యోగం పోతుందన్నారు. మూడో రోజు ఆవిడ బ్యాంకు తెరిచే వేళకు వెళ్ళి, మూడు ఫిక్స్‌డ్ డిపాజిట్లు గడువుకు ముందే రద్దు చేయించి, 19 లక్షల రూపాయలు ఒకే ఖాతాకు ఆర్టీజీఎస్ చేశారు, అంటే పెద్ద మొత్తాన్ని వెంటనే వేరే బ్యాంకు ఖాతాకు పంపే పద్ధతిలో పంపేశారు. ఆ ఖాతా ఆవిడ ఎన్నడూ అడుగుపెట్టని రాష్ట్రంలో, ఎన్నడూ పేరు వినని ఒక వ్యాపార సంస్థది.

ఆ సాయంత్రం మా ఇంటికి వచ్చి, మెట్ల మీదే కూర్చుండిపోయి, ఆవిడ నాతో అన్న మాట ఇది: "అన్నయ్య గారూ, చెయ్యి వణికి సంతకం సరిగా రాలేదు. సంతకం కలవడం లేదండీ, మళ్ళీ పెట్టండి అంది కౌంటరులో అమ్మాయి. రెండోసారి జాగ్రత్తగా పెట్టాను."

మంత్రి గారూ, ఆ చెయ్యి ఎందుకు వణుకుతోందని అక్కడ ఎవరూ అడగలేదు.

ఆ అమ్మాయిని నేను నిందించలేను. వరుసలో ఇరవైమంది నిలబడి ఉంటారు. ఆ నెలలో అమ్మవలసిన బీమా పాలసీల లెక్క మేనేజరు గదిలో గోడ మీద ఉంటుంది. బ్యాంకులు బీమాను తప్పుగా అంటగట్టడం వల్ల రుణం తీసుకునేవారి మీద పరోక్షంగా భారం పడుతోందని 2024 నవంబరులో మీరే అన్నారు. ఆ అంటగట్టడానికి మరో మూల్యం కూడా ఉంది. కౌంటరు వెనకున్న మనిషికి ఎదురుగా ఉన్న ముఖం చూసే తీరిక లేకుండా పోయింది. చూడగలిగితే ఏమవుతుందో కూడా అదే నెలలో తెలిసింది. హైదరాబాద్‌లోని ఒక స్టేట్ బ్యాంకు శాఖలో, డిపాజిట్లు రద్దు చేయమని వచ్చిన ఒక పెద్దాయన కంగారును గమనించి ఒక ఉద్యోగిని మేనేజరుకు చెప్పారు. ఆయనకు నచ్చజెప్పి ఆపారు. 13 లక్షల రూపాయలు నిలిచాయి. దానికి కొత్త యంత్రమేదీ అక్కరలేకపోయింది.

ఇక నిబంధన సంగతి. 2017 జూలై 6న రిజర్వు బ్యాంకు ఒక మంచి ఉత్తర్వు ఇచ్చింది. ఖాతాదారు అనుమతి లేకుండా ఎలక్ట్రానిక్ పద్ధతిలో డబ్బు పోతే, అది బ్యాంకు తప్పయితే నష్టమంతా బ్యాంకుదే. ఇద్దరి తప్పూ లేకుండా బయటివారి వల్ల పోతే, మూడు పని దినాల్లో తెలియజేసిన ఖాతాదారుకు నష్టం ఉండకూడదు. పది పని దినాల్లో ఆ మొత్తాన్ని ఖాతాలో చూపాలి. తప్పు ఖాతాదారుదే అని రుజువు చేయవలసిన బాధ్యత కూడా బ్యాంకు మీదే పెట్టారు. టీచరమ్మ గారి ఫారం పట్టుకుని శాఖకు వెళ్ళినప్పుడు నేను ఈ ఉత్తర్వు గురించే మాట్లాడాను. వారు ఒక్క వాక్యంతో తేల్చేశారు: "సంతకం ఆవిడదే కదండీ." ప్రాణభయంతో పెట్టిన సంతకం మన నిబంధనల దృష్టిలో ఇష్టపూర్వకంగా పెట్టిన సంతకంతో సమానం.

సరే, సంతకం ఆవిడదే. డబ్బు చేరిన ఆ ఖాతా ఎవరిది? దాన్ని తెరిచింది ఎవరు?

నేను మిమ్మల్ని అడగదలచినదంతా ఈ ప్రశ్నలోనే ఉంది. దొంగ కాంబోడియాలో ఉన్నా మరెక్కడున్నా, దోచిన డబ్బు గాలిలో ఎగిరిపోదు. మొదట మన దేశంలోనే ఒక బ్యాంకు ఖాతాలో దిగాలి. వీటిని మ్యూల్ ఖాతాలు అంటున్నారు, నేను అద్దె ఖాతాలు అంటాను. ఒక కూలీకో విద్యార్థికో కొన్ని వేలు చేతిలో పెట్టి పాస్‌బుక్కు, ఏటీఎం కార్డు, సిమ్ము తీసుకుంటారు. పెద్ద మొత్తాలకైతే లేని దుకాణం పేరు మీద కరెంటు ఖాతా, అంటే వ్యాపారుల ఖాతా, తెరుస్తారు. కరెంటు ఖాతా తెరవాలంటే దుకాణం ఉందో లేదో మనిషి వెళ్ళి చూసి, చూశానని రాసి సంతకం పెట్టాలి. నేను ఎండలో తిరిగి అలాంటి నివేదికలు ఎన్నో రాశాను. కాబట్టి ప్రతి దొంగ దుకాణం ఖాతా వెనకా చూడకుండానే చూశానని రాసిన బ్యాంకు సంతకం ఒకటి ఉంటుంది. 2025 జూన్‌లో సీబీఐ అయిదు రాష్ట్రాల్లో 42 చోట్ల సోదాలు చేసి చెప్పిన లెక్క ప్రకారం, దేశంలో 700కు పైగా బ్యాంకు శాఖల్లో దాదాపు 8.5 లక్షల అద్దె ఖాతాలు బయటపడ్డాయి. సగటున ఒక్కో శాఖకు వెయ్యికి పైగా! ఒక శాఖలో అన్ని దొంగ ఖాతాలు పొరపాటున తెరుచుకోవు. తలుపు లోపలి నుంచి తీసినవారు ఉన్నారు, లేదా తీసినా చూసీ చూడనట్టు ఊరుకున్నవారు ఉన్నారు.

బయటి దొంగ, లోపలి దొంగ అని విడదీసి చూసే అలవాటు మనం మానుకోవాలి. 2025 మే నెలలో కర్ణాటకలోని విజయపుర జిల్లా మనగూళిలో కెనరా బ్యాంకు శాఖ నుంచి దాదాపు 59 కిలోల బంగారం పోయింది. మొదట అందరూ బయటి ముఠా పని అనుకున్నారు. నెల తిరిగేసరికి పోలీసులు అరెస్టు చేసినవారిలో, చోరీకి కొద్ది రోజుల ముందే అక్కడి నుంచి బదిలీ అయిన మేనేజరు ఉన్నాడు. నకిలీ తాళంచెవులు ముందే చేయించారని పోలీసులు చెప్పారు. ఆరోపణ కోర్టులో తేలాలి. కానీ తాళాల సంగతి నాకు తెలుసు. స్ట్రాంగ్ రూముకు రెండు చెవులు, ఇద్దరు అధికారుల దగ్గర ఉండాలి. ఒకరు లేకుండా మరొకరు తెరవలేరు. రెండో జత సీలు వేసి వేరే చోట భద్రపరచాలి. కాగితం మీద ఇది చాలా గట్టి కట్టుబాటు. సిబ్బంది తక్కువైన శాఖలో, రద్దీ రోజున, ఆ రెండు చెవులూ ఒకే జేబులోకి చేరడం నా కళ్ళతో చూశాను. పాస్‌వర్డులదీ అదే దారి. "సార్, మీ పాస్‌వర్డు నేనే కొట్టేయనా?" అని కింది ఉద్యోగి అడిగితే "కానివ్వు" అనేవారు ఉన్నారు.

2018 ఫిబ్రవరిలో బయటపడిన పంజాబ్ నేషనల్ బ్యాంకు కుంభకోణం మీకు నేను గుర్తుచేయనక్కరలేదు. ముంబయిలోని ఒకే ఒక్క శాఖ, 13 వేల కోట్లకు పైగా రూపాయలు. విదేశీ బ్యాంకులకు హామీపత్రాలు పంపే స్విఫ్ట్ వ్యవస్థను బ్యాంకు సొంత కంప్యూటర్ లెక్కలతో కలపలేదు. పంపిన సందేశం ఖాతా పుస్తకంలో కనపడదు. బదిలీలు జరగవలసిన ఉద్యోగి ఏడేళ్ళు అదే శాఖలో ఉండిపోయాడు. ఆయన రిటైరై, ఆ కుర్చీలోకి కొత్త మనిషి వచ్చి పూచీకత్తు అడిగాకే గుట్టు రట్టయింది.

ఇంటి దొంగను ఈశ్వరుడైనా పట్టలేడంటారు. బ్యాంకులో ఆ సామెత చెల్లదు. పది రోజులు సెలవు మీద పంపితే చాలు. లోపలి మోసం రోజూ నీళ్ళు పోస్తేనే బతుకుతుంది. నిన్నటి ఖాతాలోని లోటును ఇవాళ్టి డిపాజిట్‌తో పూడ్చాలి, నకిలీ నగ తాకట్టును గడువు వచ్చినప్పుడల్లా తిరగరాయాలి. ఆ మనిషి పది రోజులు కుర్చీలో లేకపోతే అదంతా ఎండి బయటపడుతుంది. అందుకే సున్నితమైన బాధ్యతల్లో ఉన్న ఉద్యోగులను ఏటా కనీసం పది పని దినాలు, ముందుగా చెప్పకుండా, ఒకే విడతలో సెలవు మీద పంపాలని రిజర్వు బ్యాంకు నిబంధన పెట్టింది. ఎంత తెలివైన నిబంధన! ఎన్ని శాఖల్లో దాన్ని నిజంగా అమలు చేస్తున్నారో మీరు ఒక్కసారి లెక్క అడగండి. మనుషులు లేక, ఆ సెలవును రిజిస్టరులో రాసి మనిషిని పనిలోనే ఉంచిన చోట్లు నాకు తెలుసు.

మా ఊరి సంగతి ఒకటి చెప్పాలి. విశాఖ విశ్రాంత ఉద్యోగుల ఊరు. పోర్టు, షిప్‌యార్డు, ఉక్కు కర్మాగారం, డాక్‌యార్డు, రిఫైనరీల్లో పనిచేసి దిగినవారి గ్రాట్యుటీలు, భవిష్యనిధులు ఇక్కడి బ్యాంకుల్లో డిపాజిట్లుగా ఉన్నాయి. ఆ సంగతి దొంగలకూ తెలుసు. ఇదే ఊరి నుంచి, పక్క జిల్లాల నుంచి, డేటా ఎంట్రీ ఉద్యోగాలని నమ్మించి ఏజెంట్లు యువకులను కాంబోడియాకు పంపిన వైనాన్ని 2024 మే నెలలో విశాఖ పోలీసులు బయటపెట్టారు. అక్కడ వారిని నిర్బంధించి, మన దేశంలోని వారికే ఫోన్లు చేసి దోచమని బలవంతపెట్టారు. చివరికి తిరగబడి కొందరు విశాఖ విమానాశ్రయంలో దిగారు. టీచరమ్మ గారితో మొదటి రోజు మాట్లాడినవారు హిందీలో బెదిరించారు. రెండో రాత్రి ఒక కుర్రవాడు తెలుగులో, "అమ్మా, చెప్పినట్టు చేసేయండమ్మా" అన్నాడట. ఆ గొంతు ఇక్కడిదే అంటారు ఆవిడ. "ఎవరి బిడ్డో పాపం" అని కూడా అంటారు.

2024 ఒక్క ఏడాదిలో సైబర్ మోసాల వల్ల దేశ ప్రజలు 22,845 కోట్ల రూపాయలు పోగొట్టుకున్నారని హోం శాఖ లోక్‌సభకు చెప్పింది. అంతకు ముందు ఏడాది అది 7,465 కోట్లు. ఫోను ఎత్తితే జాగ్రత్త, సందేశం తెరిస్తే జాగ్రత్త అని మాకు చెబుతూనే ఉన్నారు. చెప్పండి, మంచిదే. కానీ డెబ్భై ఏళ్ళ మనిషి తన జాగ్రత్త ఒక్కదాంతో ఇంత పెద్ద ముఠాలను ఆపాలనడం న్యాయం కాదు. జాగ్రత్త ఖాతాదారుది, జీతాలూ లాభాలూ బ్యాంకులవి అయితే కుదరదు.

బ్రిటన్‌లో 2024 అక్టోబరు 7 నుంచి, మోసపోయి తన చేత్తోనే డబ్బు పంపిన ఖాతాదారుకు బ్యాంకులు, కొన్ని మినహాయింపులతో, 85,000 పౌండ్ల వరకు తిరిగి ఇవ్వాలి. అందులో సగం పంపిన బ్యాంకు, సగం అందుకున్న బ్యాంకు భరించాలి. నాకు ఆ రెండో సగం ముఖ్యం. అద్దె ఖాతా తెరిచిన బ్యాంకు తన జేబులోంచి డబ్బు తీయవలసి వస్తే, ఆ మరునాటి నుంచి దుకాణం ఉందో లేదో చూడడానికి మనిషి నిజంగా వెళ్తాడు. అలాంటి నిబంధన మన దేశంలో తీసుకురమ్మని మిమ్మల్ని వేడుకుంటున్నాను. అరవై దాటినవారు ఒకే రోజు డిపాజిట్లన్నీ రద్దు చేసి కొత్త ఖాతాకు పంపమంటే, ఒక్క రాత్రి ఆపి, వారు ముందే పేరిచ్చిన మనిషికి ఫోను చేసి చెప్పమనండి. ఒక్క రాత్రి చాలు. టీచరమ్మ గారు ఆ సాయంత్రమే మా మెట్లెక్కారు.

ఆ రోజే సైబర్ మోసాల ఫిర్యాదు నంబరు 1930కి ఫోను చేశాం. ఆ వ్యవస్థ పనిచేసింది, కృతజ్ఞతలు. అప్పటికే డబ్బు చాలా ఖాతాలు దాటిపోయింది. దారిలో 2 లక్షల 40 వేల రూపాయలను ఆపగలిగారు. ఆవిడ డబ్బే అని అందరూ ఒప్పుకుంటున్న ఆ 2 లక్షల 40 వేలు తిరిగి రావడానికి కోర్టు ఉత్తర్వు కావాలన్నారు. పది నెలలుగా ఆవిడ వాయిదాలకు తిరుగుతున్నారు. ఆటోలో నేను తోడు వెళ్తున్నాను.

ఆ రోజు నింపిన ఆర్టీజీఎస్ ఫారం నకలు నా దగ్గర ఉంది. దాని మీద ఆవిడ సంతకాలు రెండున్నాయి. వంకరగా ఉన్న మొదటిదాన్ని అడ్డంగా కొట్టేశారు, రెండోది గుండ్రంగా, బడిలో నల్లబల్ల మీద రాసినంత స్పష్టంగా ఉంది. మీ కార్యాలయం అడిగితే పంపుతాను. ఆవిడ అనుమతి తీసుకున్నాను.

భవదీయుడు,
ఒక విశ్రాంత బ్యాంకు మేనేజరు,
విశాఖపట్నం