అబూ సలేం జైలు లెక్క: కేంద్ర హోం కార్యదర్శి గారికి బహిరంగ లేఖ

అయ్యా,

దావూద్ మనిషిగా పేరుపడ్డ అబూ సలేం మా కర్నూలు అడ్రసుతోనే దొంగ పాస్‌పోర్టు తీసుకున్నాడు. ఆ కేసులో 2013లో హైదరాబాద్ సీబీఐ కోర్టు శిక్ష వేసింది. మొన్న మా అబ్బాయి పాస్‌పోర్టుకి వచ్చిన కానిస్టేబుల్ ఆధార్ కార్డును రెండు వైపులా తిప్పి చూసి, పక్కింటివాళ్లతో సంతకాలు కూడా పెట్టించుకున్నాడు. మంచిదే. అప్పుడెవరు చూశారో మరి!

1993 ముంబై పేలుళ్లలో 257 మంది పోయారు. ఆ కేసులోనూ సలేం దోషే. 2005లో అతన్ని పట్టి మనకప్పగించింది పోర్చుగల్. ఆ దేశానికి మనమిచ్చిన మాట ప్రకారం అతన్ని 25 ఏళ్లకు మించి జైల్లో ఉంచకూడదు. 2005 నుంచి లెక్కపెట్టాలని 2022లో సుప్రీంకోర్టు చెప్పింది. అంటే 2030. అతనేమో జైల్లో బుద్ధిగా ఉన్నందుకు శిక్షలో తగ్గించే సత్ప్రవర్తన రోజులు కలిపితే ఎప్పుడో అయిపోయిందంటున్నాడు. మాట తప్పమని నేననను. ఆ రోజులు కలుస్తాయో లేదో తారీఖులతో సహా చెప్పండి. బాధిత కుటుంబాలు టీవీ స్క్రోలింగ్‌లో చూసి తెలుసుకోవాల్సిన సంగతి కాదిది.

ఇట్లు,
కర్నూలు వాసి ఒకరు