నాలప్పాట్ గురించి ఒక్క వ్యాసమైనా వెయ్యండి

సంపాదకుల వారికి నమస్కారం. మీ సాహిత్యం పేజీలో కేరళ రచయిత్రి కమలాదాస్ పేరు అప్పుడప్పుడూ కనిపిస్తుంది, సంతోషమే, కానీ ఆవిడ అమ్మ బాలామణి అమ్మకి మేనమామ అయిన నాలప్పాట్ నారాయణ మేనోన్ (1887-1954) గురించి కూడా రాయండి. విక్టర్ హ్యూగో 'లే మిజరబుల్'ని ఇంగ్లీషు అనువాదం నుంచి 1925లో 'పావంగళ్'గా మలయాళంలోకి తెచ్చింది ఆయనే, అంత లావు నవల! ఆ పుస్తకం ప్రభావం కేరళలో తర్వాతి తరం రచయితల మీద గట్టిగా పడింది. భార్య పోయిన దుఃఖంలో రాసిన 'కణ్ణునీర్‌త్తుళ్ళి' కావ్యం సంగతి సరే సరి. బాలామణి అమ్మ బడికే వెళ్ళలేదు, మేనమామ పుస్తకాలు చదివే అంత కవయిత్రి అయ్యారు. అనువాదకుడి పేరు అట్ట మీద వెయ్యడానికి కూడా మనసొప్పని మన ప్రచురణకర్తలు ఆయన గురించి తప్పకుండా చదవాలి, దయచేసి వచ్చే ఆదివారమే వెయ్యండి.

- ఒక పాఠకురాలు