పద్మా, మన ఇద్దరి పేర్ల సంగతి

ప్రియమైన పద్మకు,

నీ ఉత్తరం సంక్రాంతికి ముందే అందింది. జవాబు ఇంత ఆలస్యమైనందుకు మనసారా క్షమించు. ఇక్కడ అందరం క్షేమం. అమ్మకు మోకాళ్ల నొప్పులు కొంత తగ్గాయి, తమ్ముడికి కూతురు పుట్టింది, బడిలో పరీక్షల పని కూడా ఒక కొలిక్కి వస్తోంది. తక్కిన కబుర్లు ఫోనులో చెప్పుకుందాం. ఈ ఉత్తరం మాత్రం ఒకే ఒక్క సంగతి కోసం రాస్తున్నాను. దీన్ని ఫోనులో చెబితే నువ్వు మధ్యలో సవాలక్ష ప్రశ్నలు వేస్తావు, అసలు మాట అక్కడే ఆగిపోతుంది.

పాపకు పేరు పెట్టే దగ్గర మొదలైంది ఇదంతా. తన పేరు నాకు పెట్టినట్టే పాపకు కూడా పెట్టాలని నాన్నమ్మ కోరిక. మరదలు మర్యాదగానే, "అమ్మమ్మగారూ, సూసన్న అంటే అర్థం ఏమిటో చెప్పండి, తప్పకుండా పెడతాను" అంది. గదిలో ఉన్న ఎవరి దగ్గరా జవాబు లేదు. మా ఇళ్లలో అర్థం అడిగితే "బైబిలు పేరు" అని చెప్పి ఊరుకోవడం అలవాటు కదా. ఆ సాయంత్రమే అయ్యగారి ఇంటికి వెళ్లి ఆయన దగ్గరున్న పాత నిఘంటువులు, వ్యాఖ్యానాలు ముందేసుకుని కూర్చున్నాను. అప్పటి నుంచి ఈ విషయం నీకు ఎప్పుడు చెబుతానా అని నా మనసు ఒక చోట నిలవడం లేదు.

పద్మా, సూసన్న అంటే పువ్వు. హెబ్రీ భాషలో ఆ పేరు షోషన్నా. పరమగీతము రెండో అధ్యాయం మొదటి వచనంలో అమ్మాయి తనను తాను వర్ణించుకుంటూ "షోషన్నత్ హా అమాకీమ్" అంటుంది. ఇంగ్లీషు వాళ్లు దాన్ని లోయలలో పూసే లిల్లీ అని రాసుకున్నారు. మన తెలుగు బైబిలులో ఏమని ఉందో తెలుసా? "లోయలలో పుట్టు పద్మము". దాని కింది వచనంలో ప్రియుడు ఆమెను ముళ్ల చెట్ల నడుమ కనబడే "వల్లిపద్మము"తో పోలుస్తాడు. అంటే హెబ్రీ గ్రంథంలో నా పేరున్న చోటనే తెలుగు గ్రంథంలో నీ పేరుంది. హాస్టల్లో ఒకే గదిలో ఇన్నేళ్లు ఉన్నాం, హాజరు పుస్తకంలో నీ పేరు పిలిస్తే నేను, నా పేరు పిలిస్తే నువ్వు లేచి నిలబడిన రోజులు కూడా ఉన్నాయి. బొప్పాయి మాస్టారికి ఇప్పుడు ఈ రుజువు చూపించగలిగితే ఎంత బాగుండేది!

మన అనువాదకులు ఆ మాట ఎందుకు ఎంచుకున్నారో ఊహించడం కష్టం కాదు. లిల్లీ అంటే ఆనాటి తెలుగు పల్లెలో ఎవరికీ తెలియదు. అందమైన ముఖానికీ, కళ్లకూ, పాదాలకూ మన కవులు తరతరాలుగా ఉపమానంగా వాడుకున్న పువ్వు తామరే. హోషేయ గ్రంథం 14వ అధ్యాయంలో కూడా ఇశ్రాయేలు "తామరపుష్పము పెరుగునట్లు" పెరుగుతుందని రాశారు. అక్కడ కూడా హెబ్రీలో ఉన్నది షోషన్నా అనే మాటే. ఇంతవరకు చదివి, ఇది అనువాదకుల చమత్కారం మాత్రమే అనుకున్నాను. మర్నాడు తెలిసిన సంగతితో ఆ మాట చమత్కారం కన్నా చాలా పెద్దదని అర్థమైంది.

షోషన్నా అనే మాట హెబ్రీలో పుట్టినది కాదు. అది ఐగుప్తు, అంటే ఈజిప్టు మాట. ప్రాచీన ఐగుప్తు లిపిలో అచ్చులు రాయరు, హల్లులు మాత్రమే ఉంటాయి. పండితులు ఆ హల్లులను సెషెన్ అని పలుకుతారు. తరువాతి కాలపు కోప్టిక్ భాషలో అదే మాట షోషెన్. ఆ మాటకు అర్థం నైలునది నీళ్లలో పూసే పువ్వు. తేబెస్ నగరం దగ్గరి సమాధుల గోడల మీద విందు దృశ్యాలున్నాయి, వాటి చిత్రాలను చాలాసేపు చూశాను. వరుసగా కూర్చున్న స్త్రీల నల్లని కేశాల మీద నుదుటి వైపుకు వంగిన మొగ్గ ఒకటి ఉంటుంది. చేతిలో మరొక పువ్వు కాడతో సహా ఉంటుంది. కొందరు దాన్ని తాము వాసన చూస్తుంటే, మరికొందరు పక్కనున్న స్నేహితురాలి ముక్కు దగ్గరికి చాచి పట్టుకుంటారు. ఆ చివరి భంగిమ చూడగానే నువ్వు గుర్తుకొచ్చావు. సన్నజాజులు కొన్న ప్రతిసారీ నువ్వు చేసేది అదే.

అంటే మన తెలుగు అనువాదకులు తెలిసో తెలియకో ఆ మాటను దాని పుట్టింటికి చేర్చారు. హెబ్రీలోకి వచ్చాక మెట్ట నేల మీద పూసే పువ్వుకు పేరుగా మారినది, తెలుగులోకి వచ్చేసరికి మళ్లీ నీటిలో వికసించింది. ఇది చదివిన రాత్రి నాకు సంతోషంతో నిద్ర పట్టలేదు.

నువ్వు వృక్షశాస్త్రం చదివినదానివి కాబట్టి ఒక విషయం నిజాయితీగా చెప్పాలి. ఫరోల కాలపు ఐగుప్తు చిత్రాల్లో ఉన్న పువ్వు మన తామర కాదు, కలువ. నీలికలువ, తెల్లకలువ అనే రెండు జాతులు అక్కడ సహజంగా పెరిగేవి. మన తామర ఆ దేశానికి చేరింది చాలా ఆలస్యంగా, పారశీకుల ఏలుబడి కాలంలో. తామర సూర్యుణ్ని, కలువ చంద్రుణ్ని చూసి విచ్చుకుంటాయని మన కావ్యాలు ఈ రెండింటినీ వేరు చేశాయి కనుక, నేను కలువనూ నువ్వు తామరవూ అని నువ్వు వాదించవచ్చు. అయితే ఆ ఐగుప్తు నీలికలువ తెల్లవారి విచ్చుకుని పగలే వికసించి ఉంటుంది. అందుకే వాళ్లు దాన్ని సూర్యుడికి ముడిపెట్టారు. సృష్టికి ముందున్న జలాల మీద ఒక పువ్వు తేలి, అది విచ్చుకుంటే దానిలో నుంచి సూర్యుడు పుట్టాడని వారి పురాణం. విష్ణుమూర్తి నాభికమలంలో నుంచి బ్రహ్మ పుట్టిన కథను మీ నాయనమ్మగారి నోట విని పెరిగిన నీకు దీని గురించి నేను వేరే చెప్పనక్కరలేదు.

ఇక హెబ్రీ వాళ్ల షోషన్నా ఏ పువ్వు అన్నదాని మీద పండితుల వాదాలు తెగలేదు. కర్మెలు కొండల్లోనూ గలిలయలోనూ తనంతట తాను పెరిగే తెల్ల లిల్లీ అని చాలామంది అంటారు. ప్రియుడి పెదవులను ఆ పువ్వుతో పోల్చిన వచనం చూపించి, పెదవులు ఎర్రగా ఉంటాయి గాని తెల్లగా ఉండవు కదా, వసంతంలో ఆ దేశపు పొలాల నిండా పూసే ఎర్ర ఎనిమొనీ అయి ఉండాలని మరికొందరు అంటారు. ఈనాటి ఇశ్రాయేలులో జనం వాడుకలో షోషన్నా అంటే గులాబీ. నా మట్టుకు నాకు తెల్ల లిల్లీ వైపే మొగ్గు. ముళ్ల చెట్ల మధ్య నుంచి అంత దూరానికి కనబడాలంటే తెలుపే కావాలి. సొలొమోను కట్టించిన మందిరపు స్తంభాల తలల మీద కూడా ఈ పూల పనే చెక్కారట. స్తంభాల తలలకు తామరమొగ్గ రూపం ఇవ్వడం ఐగుప్తు శిల్పుల సంప్రదాయం కనుక, అక్కడ మాత్రం పాత నీటి పువ్వే ఉండి ఉంటుందనిపిస్తుంది.

ఇంతవరకు సంతోషం. ఇకపై రాసేది చదివేటప్పుడు నీకు కోపం వస్తుంది, నాకూ వచ్చింది. సూసన్న పేరుతో ఒక కథ ఉంది. అది మా ప్రొటెస్టెంటు బైబిలులో లేదు. కతోలికుల బైబిలులో దానియేలు గ్రంథానికి 13వ అధ్యాయంగా ఉంటుంది. మా వీధి చివర ఉండే కతోలిక అక్కయ్య పుస్తకం ఇస్తే చదివాను. బబులోను చెరలో యోవాకీము అనే ధనవంతుడి భార్య సూసన్న. న్యాయాధిపతులైన ఇద్దరు పెద్దమనుషులు ఆ ఇంటికి వస్తూ పోతూ ఆమె మీద కన్నేస్తారు. ఒక ఎండపూట ఆమె తోటలో స్నానానికి సిద్ధమై, నూనె తెమ్మని దాసీలను పంపి తలుపులు వేయించుకోగానే, దాక్కుని ఉన్న ఇద్దరూ పరుగెత్తి వస్తారు. తమ మాట వినకపోతే, ఒక యువకుడితో కలిసి ఉండగా చూశామని సాక్ష్యం చెబుతామని బెదిరిస్తారు. ఒప్పుకున్నా చావే, ఒప్పుకోకపోయినా వీళ్ల చేతుల్లో నుంచి బయటపడేది లేదని ఆమెకు తెలుసు. తెలిసి కూడా గొంతెత్తి కేక వేస్తుంది. పద్మా, ఆ కేక దగ్గర నేను పుస్తకం మూసి కాసేపు అలాగే కూర్చున్నాను. ఆనాటి చట్టం ప్రకారం ఇద్దరు సాక్షులు చాలు, ఆ ఇద్దరూ న్యాయాధిపతులే, ఇక ఆమె మాట వినేవాళ్లు ఎవరు?

మరణశిక్ష వేసి తీసుకుపోతుంటే దానియేలు అనే కుర్రవాడు అడ్డుపడి, ఆ ఇద్దరినీ విడదీసి ఒకే ప్రశ్న అడుగుతాడు. ఏ చెట్టు కింద చూశారు? ఒకడు ఒక చెట్టు పేరు, రెండోవాడు మరో చెట్టు పేరు చెబుతారు. అబద్ధం తేలిపోతుంది, ఆమె బతుకుతుంది. సాక్షులను వేరు వేరుగా విచారించాలన్న నియమానికి ఇంత పాత కథ, ఇంత సూటి కథ నేను మరొకటి చదవలేదు. ఇక్కడ సీతమ్మ గుర్తుకు రాకుండా ఉండదు, కానీ ఆ మాట మొదలుపెడితే మన పాత వాదన... అది మనం కలిసినప్పుడే.

ఈ కథ గురించి ఉత్తరాలు రాసుకున్నది మనమే మొదటివాళ్లం కాదు. 3వ శతాబ్దంలో యూలియస్ ఆఫ్రికానస్ అనే పండితుడు ఓరిగెను అనే వేదాంతికి ఉత్తరం రాశాడు. దానియేలు తీర్పు మాటల్లో ఆ రెండు చెట్ల పేర్ల మీద గ్రీకులో శ్లేష పలుకుతుంది, ఆ శ్లేష హెబ్రీలో కుదరదు, కాబట్టి ఈ కథ మొదట గ్రీకులోనే పుట్టి ఉండాలని అతని వాదన. ఓరిగెను నికొమేదియ నుంచి చాలా పెద్ద జవాబు రాసి కథను సమర్థించాడు. ప్రొటెస్టెంట్లు దీన్ని పక్కన పెట్టడం వెనుక ఆ పాత సందేహమూ ఉంది. గ్రంథం సంగతి పెద్దలు తేల్చుకోనీ, ఇంత ధైర్యం గల స్త్రీ కథ మా ఆడపిల్లలకు వినిపించకుండా ఉండటం మాత్రం నాకు బాధగా ఉంది.

రోము నగరంలోని ప్రెటెక్స్టాటస్ భూగర్భ సమాధుల గోడ మీద ఆమె మనిషి రూపంలో కూడా లేదు. రెండు తోడేళ్ల నడుమ ఒక గొర్రెపిల్ల నిలబడి ఉంటుంది, గొర్రెపిల్ల పైన "సూసన్న" అని రాసి ఉంటుంది. ఆ తరువాత ఎందరో చిత్రకారులు ఆమెను గీశారు, కానీ చాలామంది గీసింది ఆమె అందాన్నే. ఆర్టెమీసియా జెంటిలెస్కి అనే ఇటలీ అమ్మాయి 1610లో, పదిహేడేళ్ల వయసులో గీసిన చిత్రం వేరు. అందులో తోట లేదు, పూలు లేవు, చల్లని రాతి బల్ల ఒకటే. గోడ మీద నుంచి వంగిన ఇద్దరిలో ఒకడు పెదవుల మీద వేలు పెట్టి నోరు మూసుకోమంటున్నాడు. సూసన్న ముఖం పక్కకు తిప్పుకుని, రెండు చేతులూ అడ్డం పెట్టి, ఒళ్లంతా మెలితిరిగి ఉంది. ఆ చేతులు చూస్తే చాలు, గీసినది ఆడపిల్ల అని తెలుస్తుంది.

కొత్త నిబంధనలో మరో సూసన్న ఉంది. లూకా సువార్త 8వ అధ్యాయంలో మగ్దలేనే మరియ, యోహన్నలతో పాటు తన ఆస్తితో యేసుకూ శిష్యులకూ ఉపచారం చేసిన స్త్రీగా ఆమె పేరు ఒక్కసారి వస్తుంది, అంతే. నాన్నమ్మ పేరు ఈమె నుంచే వచ్చిందని అయ్యగారు అన్నారు.

ఇవన్నీ మరదలికి చెప్పాను. ఆమె కళ్లు మెరిశాయి గాని, ఈ పేరుకు ఇంకా ఏ రూపాలున్నాయో చెప్పమంది. గ్రీకులో ష అనే ధ్వని లేదు కనుక షోషన్నా అక్కడ సూసన్న అయింది, మనకు అందినది ఆ గ్రీకు రూపమే. ఫ్రెంచి వాళ్లకు సుజాన్, ఇంగ్లీషు వాళ్లకు సూసన్, పోలండు వాళ్లకు జుజన్నా. అరబ్బీలో సౌసన్, పారశీకంలో సూసన్. అరబ్బీ నుంచి స్పెయిను వెళ్లి అక్కడ తెల్ల లిల్లీకి అసుసేనా అని పేరైంది. ఎస్తేరు గ్రంథంలోని షూషను కోట పేరు కూడా ఇదేనని తమ్ముడు ఎంతో ఉత్సాహంగా అన్నాడు, కానీ అది ఏలాము దేశపు నగరం, దాని పేరు అక్కడి భాషది, పువ్వుతో సంబంధం లేదు.

మరదలికి నచ్చినది మాత్రం ఆర్మేనియా రూపం, షూషన్. దానికి ముద్దుపేరు షూషనిక్. ఆ పేరుతో 5వ శతాబ్దంలో ఒక రాకుమారి ఉండేది. భర్త క్రైస్తవాన్ని వదిలి పారశీకుల మతం పుచ్చుకుని ఆమెనూ అలాగే చేయమంటే ఒప్పుకోలేదు, ఏళ్ల తరబడి కోటలో బందీగా ఉండి అక్కడే చనిపోయింది. ఆమె దగ్గరున్న యాకోబు అనే గురువు ఆ కథను జార్జియా భాషలో రాశాడు. ఆ భాషలో ఈనాటికి మిగిలిన సాహిత్య రచనల్లో అన్నిటికంటే పాతది అదే! ఒక భాష సాహిత్యం మన పేరున్న స్త్రీతో మొదలైందంటే ఆలోచించు. అందులో ఆమె భర్త ఇంటి నుంచి నడిచి వెళ్లిపోయే ఘట్టం ఒకటి ఉంది, దాని గురించి నీకు వివరంగా

తమ్ముడు బండి తీశాడు, టపా కట్టే వేళ దాటిపోతోందని పిలుస్తున్నాడు. పాప బాప్తిస్మం ఈస్టరు తరువాతి ఆదివారం, నువ్వు తప్పకుండా రావాలి. అత్తయ్యగారికి నా నమస్కారాలు.

నీ
సూసన్న