నార్కట్‌పల్లి పంచర్ షాపు అన్నకు

అన్నా, పేరడిగితే నవ్వి ఊరుకున్నవు, అందుకే ఇట్ల రాస్తున్నం. మచిలీపట్నం నుంచి పుణె పోయే 65వ నంబరు హైవే పట్టుకొని అటు ముంబయి సముద్రం దాకా పోయే మా బండికి నువ్వు చేసిన సాయం చిన్నది కాదు.

ట్యూబ్‌లెస్ టైరుకు రోజూ కొంచెం గాలి దిగుతుంటే అందరూ మేకు కోసమే వెతుకుతరు. నువ్వు ముందుగాల వాల్వ్ మూతి మీద సబ్బునీళ్ల చుక్క వేసినవు. బుడగ అక్కడే లేచింది. లోపలి పిన్ను మార్చినవు, అంతే.

ఎండకు కాగిన టైరులో గాలి ఎక్కువ చూపిస్తే తీయొద్దన్నవు. తీస్తే చల్లారినంక తక్కువైతది. గాలి తక్కువైతే టైరు పక్క గోడ వంగివంగి వేడెక్కుతది, పేలేది అందుకే. పొద్దున బండి కదలకముందే, డ్రైవర్ డోరు దగ్గరి స్టిక్కరు చూసి కొట్టించాలె. స్టెప్నీకి కూడా! దాన్ని ఎవరూ పట్టించుకోరు.

నట్లు జాకీ ఎత్తకముందే వదులు చేయాలె, బిగించేటప్పుడు ఎదురెదురుగా బిగించాలె, 50-100 కిలోమీటర్లకు మళ్లొకసారి చూడాలె. పక్క గోడకు పంచరైతే అతుకు పనికిరాదు, టైరే మార్చాలె.

సోలాపూర్, పుణె దాటి, ఘాట్ కింది గేరులో దిగి ముంబయి చేరేదాకా గాలి దిగలేదు. పిన్నుకు పైసలు కూడా తీసుకోకపోతివి. శనార్థి అన్నా.