పాటలు పోగా మిగిలిన సినిమా

అయ్యా,

మీ ఆదివారం అనుబంధంలో ఒక సంగీత దర్శకుడి సినీ ప్రస్థానంపై వచ్చిన వ్యాసం చదివాను. ఏ పాటను ఏ రాగంలో కట్టారో, ఎవరిచేత పాడించారో విపులంగా రాశారు గానీ, ఆయన ఇన్నేళ్లుగా చేస్తూ వచ్చిన నేపథ్య సంగీతం గురించి ఒక్క వాక్యమైనా లేదు. అరగంట పాటలు పోగా మిగిలిన రెండు గంటల సినిమాకు సంగీతం కూర్చినదీ ఆయనే కదా!

నేను 1990ల్లో చెన్నైలో రీరికార్డింగులకు (సినిమాకు నేపథ్య సంగీతం కూర్చి రికార్డు చేసే పని; మా వాడుకలో ఆర్.ఆర్.) వయొలిన్ వాయించి, తరువాత హైదరాబాద్‌లో స్థిరపడినవాణ్ణి. పాటలు షూటింగుకు ముందే, తీరిగ్గా తయారయ్యేవి. ఆర్.ఆర్. మాత్రం ఎడిటింగ్ ముగిసి, విడుదల తేదీ తరుముకొస్తున్నప్పుడు మొదలయ్యేది. సుమారు పది నిమిషాల రీలును తెరపై వేసి చూస్తూ, సంగీతం ఎక్కడ ఎత్తుకోవాలో, మాటలు వచ్చేచోట ఎంత తగ్గాలో, ఎక్కడ ఆగాలో సంగీత దర్శకుడు అక్కడికక్కడే తేల్చేవారు. ఒకసారి తల్లి ఉత్తరం చదివే సన్నివేశానికి పన్నెండు మంది వయొలిన్లు పట్టుకుని కూర్చున్నాం. రెండు టేకుల తరువాత ఆయన ఒక్క వయొలిన్ చాలన్నారు. ఇంకోసారి చూసి అదీ వద్దని, గదిలో తిరిగే ఫ్యాను చప్పుడునే ఉంచేశారు. మాకు కాల్షీటు డబ్బు ముట్టింది, మా వాద్యం మాత్రం సినిమాలో లేదు. ఆ నిర్ణయం కూడా సంగీత దర్శకుడి పనేనని అప్పుడు తెలిసింది.

చక్రవర్తి గారి వద్ద సహాయకుడిగా పనిచేసి, 1990లో 'మనసు మమత'తో సంగీత దర్శకుడైన కీరవాణి గారికి 'ఆర్ఆర్ఆర్'లోని పాటకు 2023లో ఆస్కార్ వచ్చిన సంగతి మన పిల్లలందరికీ తెలుసు. అదే సినిమా నేపథ్య సంగీతానికి అదే ఏడాది ఆయనకు జాతీయ పురస్కారం ప్రకటించారని ఎందరికి గుర్తుంది? 2009 నాటి చిత్రాల నుంచి జాతీయ పురస్కారాల్లో పాటలకూ నేపథ్య సంగీతానికీ వేర్వేరుగా బహుమతులు ఇస్తున్నా, మన సమీక్షల్లో మాత్రం 'నేపథ్య సంగీతం ఫర్వాలేదు' అన్న మూడు మాటలే నేటికీ కనిపిస్తున్నాయి. (పాటలకైతే ఒక పేరా తప్పక ఉంటుంది.)

పైగా ఇప్పుడు పాటలు ఒకరు, నేపథ్య సంగీతం మరొకరు చేయడం మామూలైంది. 'అర్జున్ రెడ్డి'కి పాటలు రధన్ ఇవ్వగా, నేపథ్య సంగీతం హర్షవర్ధన్ రామేశ్వర్ కూర్చారు; ఈయనకే 2023 చిత్రాల జాతీయ పురస్కారాల్లో 'యానిమల్' నేపథ్య సంగీతానికి బహుమతి వచ్చింది. కనుక ఇద్దరు పనిచేసిన చిత్రాల సమీక్షల్లో ఇద్దరి పేర్లూ ఇవ్వవలసిందిగానూ, సంగీత దర్శకులను ఇంటర్వ్యూ చేసేటప్పుడు ఆర్.ఆర్. గురించి ఒక్క ప్రశ్నయినా అడగవలసిందిగానూ మీ సినిమా విభాగం వారిని కోరుతున్నాను.

ఇట్లు,
ఒక పాఠకుడు,
చిక్కడపల్లి, హైదరాబాద్