మన ఫిల్మ్ క్లబ్ వార్షిక నివేదిక: ఈ ఏడాదంతా ఒక బల్గేరియా ఎడిటర్‌తోనే గడిచింది

సభ్యులందరికీ నమస్కారం. నివేదిక లేటయింది, నిజమే, తిట్టేవాళ్ళు మీటింగ్‌లో తిట్టండి. ముందు లెక్కలు చెప్పేస్తా, చందాలు హాల్ అద్దెకీ టీలకీ సరిపోయాయి, ప్రొజెక్టర్ ల్యాంపుకి సొంత డబ్బు పెట్టినాయనకి ఇంకా బాకీ ఉన్నాం, మిగతాది రిజిస్టర్‌లో ఉంది, చూసుకోండి.

ఇక సినిమాలు. పోయినేడు మీటింగ్‌లో ఒకాయన లేచి "ఎప్పుడూ డైరెక్టర్ల గొడవేనా, ఆ ఎడిటింగ్ రూమ్‌లో కూర్చునేవాడిని పట్టించుకోరా" అన్నాడు కదా, ఆ మాట పట్టుకునే ఈ ఏడు పేతర్ వల్చానోవ్‌ని తీసుకున్నాం. 1982లో బల్గేరియాలోని ప్లోవ్‌దివ్‌లో పుట్టాడు, సోఫియాలో నాటకానికీ సినిమాకీ ఉన్న జాతీయ అకాడమీలో చదివాడు. "ఈయన డైరెక్టర్ కదా, ఎడిటర్ అంటారేంటి" అని కమిటీలో పెద్ద గొడవే అయింది. రెండూనూ. క్రిస్టినా గ్రోజెవాతో కలిసి డైరెక్ట్ చేస్తాడు, మేం వేసిన మూడు సినిమాలకీ కత్తెర కూడా తనే పట్టాడు. మన ఆదుర్తి సుబ్బారావు గారు ఎడిటింగ్ నుంచి వచ్చి డైరెక్టర్ అయ్యారు, ఈయనేమో డైరెక్టర్ అయినా ఆ కుర్చీ వదల్లేదు, అంతే తేడా.

ఇద్దరూ కలిసి 2012లో 'స్కోక్' అని ఒక షార్ట్ ఫిల్మ్ తీస్తే అది యూరోపియన్ ఫిల్మ్ అవార్డులకి నామినేట్ అయింది. 2014లో 'ఉరోక్', అంటే పాఠం. శాన్ సెబాస్టియన్ ఫెస్టివల్‌లో కొత్త దర్శకుల అవార్డు దీనికే. ఒక టీచరమ్మ బ్యాంకు దోచిందని పేపర్లో వచ్చిన వార్త నుంచి పుట్టిన కథ. క్లాసులో పిల్లల్లో దొంగ ఎవడో పట్టుకుందామని చూస్తుంటుంది టీచర్ నదేజ్దా, ఇంకోపక్క అప్పు కట్టకపోతే ఇల్లు వేలం. డబ్బు ఎలాగో సర్దుకుని బ్యాంకుకి పరిగెత్తితే బ్యాంకు ఛార్జీకి చిల్లర తక్కువ, గడియారం తిరుగుతోంది, ఆవిడ బయటికొచ్చి ఫౌంటెన్ నీళ్ళలో చెయ్యి పెట్టి జనం వేసిన నాణేలు ఏరుకుంటుంది. మన హాల్లో ఆ టైమ్‌లో ఒక్క ఫోన్ మోగలేదు, ఇది మన క్లబ్ చరిత్రలో మొదటిసారి అనుకుంటా. తర్వాత ఆ సీన్ మళ్ళీ వేసి చూశాం. మన సినిమాల్లో అయితే ఇలాంటి చోట గడియారం ఓసారి, మొహం ఓసారి, గడియారం ఓసారి అని టకటకా కొడతారు కదా, ఇక్కడ మాత్రం క్రుమ్ రోద్రిగెజ్ కెమెరా ఆవిడ పక్కనే నడుస్తుంటే ఎడిటర్ చాలాసేపు వదిలేశాడు, మనకి ఊపిరాడదు.

మనూళ్ళో బాగా పేలింది మాత్రం 'స్లావా'. 2016లో లొకార్నో ఫిల్మ్ ఫెస్టివల్‌లో పోటీకి వెళ్ళిన సినిమా, ఆస్కార్‌కి బల్గేరియా పంపింది కూడా. కాజీపేటలో రైల్వే కథ వేస్తే జనం రారా! త్సాంకో అని ఒక ట్రాక్ కార్మికుడు, పట్టాల మీద కుప్పలుగా డబ్బు కనిపిస్తే తీసుకెళ్ళి పోలీసులకి అప్పజెప్తాడు. మంత్రిత్వ శాఖ వాళ్ళు సన్మానం చేసి కొత్త వాచ్ ఇస్తారు, అది సరిగ్గా నడవదు, ఈ హడావిడిలో ఆయన పాత వాచ్ శాఖ ప్రచారం చూసుకునే పీఆర్ మేడమ్ దగ్గరే ఉండిపోయి కనపడకుండా పోతుంది. వాళ్ళ నాన్న ఇచ్చిన 'స్లావా' కంపెనీ వాచ్ అది, రష్యన్ బ్రాండు. స్లావా అంటే కీర్తి కూడా, పేరులోనే వెటకారం పెట్టేశారు. మిగతా సినిమా అంతా మనిషి తన వాచ్ తనకిమ్మని తిరగడమే, పెన్షన్ ఆఫీసు చుట్టూ తిరిగినవాళ్ళకి వేరే చెప్పక్కర్లేదు.

త్సాంకోకి నత్తి. స్తెఫాన్ దెనొల్యుబోవ్ చేశాడు, ఎంత బాగా చేశాడో. ఆయన మొదటి అక్షరం దగ్గరే కొట్టుకుంటుంటే కింద సబ్‌టైటిల్ మొత్తం మాట చెప్పేస్తుంది, మొదట్లో వెనక వరసలో కొందరు నవ్వారు, కాసేపటికి వాళ్ళే ఆపేశారు. ఎందుకంటే కట్ లేదు. కావాలంటే ఎడిటర్ ఆ నత్తి సగానికి కోసేయొచ్చు, టీవీ వాళ్ళయితే కోసేస్తారు, ఈయన కొయ్యలేదు, ఆ మాట పూర్తయ్యేదాకా మనం కూడా నిలబడాల్సిందే. అటు పీఆర్ మేడమ్ యూలియా (మర్గిత గోషెవా, 'ఉరోక్'లో టీచర్ కూడా ఈవిడే) సీన్లేమో ఫోన్లూ, మీటింగులూ, మధ్యలో పిల్లల కోసం ఐవీఎఫ్ ఇంజెక్షన్లూ, అన్నీ ఒకదాని మీద ఒకటి పడుతుంటాయి. ఇద్దరూ ఒకే కథలో ఉన్నారు, కానీ ఇద్దరి టైమూ ఒకటి కాదు. నాకు ఎడిటింగ్ అంటే ఏంటో ఆ రోజే అర్థమైంది, ఇన్నేళ్ళు సెక్రటరీగా ఉండి ఇప్పుడా అని నవ్వకండి.

సినిమా అయ్యాక మన రిటైర్డ్ కీమ్యాన్ (రోజూ పట్టాలు చెక్ చేస్తూ నడిచే రైల్వే ఉద్యోగి) బాబాయ్ లేచిండు. సుత్తె, పానా పట్టుకుని ట్రాక్ మీద ముప్పై ఏళ్ళు నడిచిన మనిషి. "బిడ్డా, గా త్సాంకో నడిచేది ఇంకోపాలి పెట్టు" అన్నడు. పెట్టినం. చేతికున్న హెచ్ఎంటీ వాచ్ చూసుకుంట కూసున్నడు. "గంత దూరం గింత జల్ది ఒడిసిపాయెనా? మాకు ఒక్క బీటు తిరిగొచ్చేసరికి కాళ్ళు పడిపోతుండె. కని ఆయన నడక మాత్రం ఖరాబు చెయ్యలే, గదే మా నడక" అన్నడు. ఈ ఏడాది మన క్లబ్‌లో వచ్చిన రివ్యూలన్నిట్లో నాకు ఇదే ఫస్ట్.

మూడోది 'బష్టాతా', అంటే నాన్న, 2019లో కార్లోవీ వారీ ఫెస్టివల్‌లో క్రిస్టల్ గ్లోబ్, అంటే అక్కడి పెద్ద బహుమతి, కొట్టింది. భార్య పోయిన పెద్దాయన, ఆవిడ తనతో ఏదో చెప్పాలని చూస్తోందని నమ్ముతాడు, కొడుకు ఆయన వెనకాల తిరుగుతాడు. ఇవాన్ సావోవ్, ఇవాన్ బార్నెవ్ తండ్రీకొడుకులు. దీని గురించి ఎక్కువ చెప్పలేను, సగంలో కరెంటు పోయింది, వచ్చేసరికి సగం మంది వెళ్ళిపోయారు, ఉన్నవాళ్ళు మాత్రం బాగుందన్నారు.

'ఉరోక్', 'స్లావా' లాగే పేపర్ వార్తల మీద వాళ్ళు తీసిన మూడో సినిమా 'ట్రయంఫ్' 2024లో వచ్చింది. కమ్యూనిస్టు ప్రభుత్వం పడిపోయిన కొత్తలో సైన్యం వాళ్ళు అతీంద్రియ శక్తులున్నవాళ్ళని నమ్మి త్సారిచినా ఊళ్ళో గొయ్యి తవ్వించిన కథ, అది నిజంగా జరిగిందే. వచ్చే ఏడాది వేద్దామని కమిటీ అనుకుంటోంది, పర్మిషన్ కోసం మెయిల్ పెట్టాలి. ఇన్వర్టర్ ఇప్పించేవాళ్ళు ఎవరన్నా ఉంటే ముందు నాకు చెప్పండి.